శృంగారాద్భుతవీరములు: తెలుగు కథాగ్రంథములు, వాని పాఠకులు

మన ఆలంకారికులు శృంగారమునకు రతిని, వీరమునకు ఉత్సాహమును, అద్భుతమునకు విస్మయమును స్థాయిభావములుగా నిర్ణయించిరి. చదువరిని కూర్చున్నచోటి నుండి కదలనీయక పుట వెంట పుట త్రిప్పించు కథలను పరిశీలించినచో, వానిలో ఈ మూడు భావములలో నేదో యొకటి, తరచుగా మూడును గూడ, ప్రాణమై ప్రవహించుచుండుట కానవచ్చును. ప్రియుని రాకకై ఎదురు చూచు కన్యయు, ఎవ్వరును చూడని ద్వీపమును వెదకుచు బయలుదేరిన రాజపుత్రుడును, ఆడిన మాట నిలుపుటకై ప్రాణమొడ్డు వీరుడును కథలు పుట్టిన ప్రతి దేశమునందును పుట్టియే యున్నారు. అయినను మన సాహిత్యవిమర్శనము ఈ జాతి గ్రంథములను గూర్చి పలుకవలసి వచ్చినపుడు స్వరము తగ్గించును. పండితుడు వానిని కాలక్షేపమని త్రోసివైచును; సంస్కర్త వానిని వాస్తవము నుండి పలాయనమని నిందించును; సాహిత్యచరిత్రకారుడు రెండు వాక్యములతో వానిని దాటిపోవును. బడి చదువు చాలించిన వారిని సైతము అక్షరములకు దూరము కాకుండ నిలిపిన గ్రంథములకు ఈ ఉపేక్ష న్యాయము కాదు. అవి ఏ పాఠకుల కొరకు పుట్టినవో, ఎట్టి పాఠకులను పుట్టించినవో, వానిలో నిలువదగినది ఏదో విచారించుట ఈ వ్యాసమునకు ఉద్దేశము.

విచారించినకొలది నాకు స్పష్టమగుచున్న విషయమొకటి కలదు. పూర్వము మన దేశమున శృంగారాద్భుతవీరములు మూడును ఒకే కథలో, ఒకే సభకు వినిపించుచుండెను. ముద్రణయంత్రమును, పత్రికయు, పుస్తకవ్యాపారమును వచ్చిన పిదప ఈ మూడును క్రమముగా వేరుపడి, ప్రేమ స్త్రీలకనియు, సాహసము బాలురకనియు, వీరము దేశభక్తి గల యువకులకనియు పంచిపెట్టబడెను. ఈ పంపకమువలన చదువరుల సంఖ్య పెరిగినమాట నిజము. కథకు కలిగిన నష్టము మాత్రము అంతకంటె పెద్దది.

మొదట కావ్యమును చూతము. పదుమూడవ శతాబ్దమున మూలఘటిక కేతన దండి దశకుమారచరితమును తెనిగించి తిక్కనకు అంకితమిచ్చి, అభినవదండి యని ప్రసిద్ధుడయ్యెను. రాజ్యము గోల్పోయిన రాజు కుమారుడును, అతని తోడి కుమారులును దిక్కులకొకరుగా చెదరి, దొంగలను, జూదరులను, వేశ్యలను, మాంత్రికులను ఎదుర్కొని, బుద్ధిబలమున గట్టెక్కి, ప్రియురాండ్రను గెలుచుకొని తిరిగి కలిసికొనుట ఆ కావ్యమునకు వస్తువు. భారతమును తెనిగించిన మహాకవికే అంకితమిచ్చుటకు ఇట్టి కథ తగియుండెనన్నచో, ఆనాటి పండితలోకము సాహసకథను చిన్నచూపు చూడలేదని గ్రహింపవచ్చును. జక్కన విక్రమార్కచరిత్రమును, కొఱవి గోపరాజు సింహాసనద్వాత్రింశికను ఆ మార్గముననే వెలసినవి. విక్రమార్కుడు యుద్ధవీరుడు మాత్రమే కాక, అడిగినవానికి ప్రాణమునైనను ఇచ్చు దానవీరుడు, శత్రువునకైనను కరగు దయావీరుడు. భోజుడు విక్రమార్కుని సింహాసనము నెక్కబోవునప్పుడెల్ల సాలభంజిక అడ్డగించి ఒక కథ చెప్పుట, రాజునకు వీరమన నెట్టిదో నేర్పుటయే గదా.

పదునాఱవ శతాబ్దమున పింగళి సూరన కళాపూర్ణోదయమును రచించి ఈ మార్గమును శిఖరమునకు చేర్చెను. పురాణమునుండి గాని సంస్కృతకావ్యమునుండి గాని ఎత్తుకొనక తానే కల్పించిన కథ అది. ద్వారకలోని కలభాషిణి, నారదుని శిష్యుడగు మణికంధరుడు, సిద్ధుడగు మణిస్తంభుడు, సుముఖాసత్తి మొదలగు పాత్రల జీవితములు ఒకదానిలో నొకటి చిక్కుకొని, బ్రహ్మ సరస్వతికి చెప్పిన కథయే భూమిపై జరుగుచున్నదను రహస్యము బయల్పడిన పిదపగాని ఆ చిక్కు విడదు. మాఱురూపములు, ఖడ్గప్రహారములు, తపస్సులు, విరహములు నిండిన ఆ కావ్యమున ప్రేమను తీసివేసినచో సాహసమునకు కారణముండదు. సాహసమును తీసివేసినచో ప్రేమకు పరీక్షయుండదు. పాఠకుని బుద్ధికి పని కల్పించుచునే అతని కుతూహలమును నిలిపి ఉంచవచ్చునని సూరన నాలుగువందల యేండ్లకు పూర్వమే నిరూపించెను.

కావ్యము చదువుకొన్నవారిది. చదువురాని జనసామాన్యమునకు వీరగాథలుండెను. పల్నాటి వీరచరిత్రను శ్రీనాథుడు ద్విపదలో రచించెనని ప్రసిద్ధి. 1911లో అక్కిరాజు ఉమాకాంతము పరిష్కరించి ప్రకటించునంతవఱకు ఆ గ్రంథము పెక్కుమంది పండితులకు అందుబాటులో లేకపోయినను, కారెంపూడిలో ఏటేట కార్తికమాసమున జరుగు వీరుల యుత్సవమునందు వీరవిద్యావంతులు ఆ కథను గానము చేయుచునే యుండిరి. నాయకురాలు నాగమ్మ రాజనీతి, బ్రహ్మనాయుడు కులభేదమును పాటింపక అందఱిని చాపకూటిలో కూర్చుండబెట్టుట, కన్నమదాసు స్వామిభక్తి, కోడిపందెముతో చెలరేగిన వైరము: ఇన్నింటి నడుమ బాలచంద్రుని వృత్తాంతము శ్రోతల హృదయమును ఎక్కువగా పట్టుకొన్నది. బొంగరములాడు బాలుడు యుద్ధవార్త విని పెద్దలు వారించినను ఆగక, యౌవనమున నున్న భార్య మాంచాల యొద్ద సెలవు తీసికొనుటకు పోయిన ఘట్టమున శృంగారమును వీరమును ఎదురెదురుగా నిలిచినవి. మాంచాల అతనిని ఆపలేదు, కత్తినిచ్చి పంపినది. ఆ ఇల్లాలి ఔదార్యము లేనిచో బాలచంద్రుని మరణము ఒక బాలుని దుడుకుతనముగా మిగిలిపోయెడిది.

పశువుల మేత కొఱకు గొల్లలకును నెల్లూరి నల్లసిద్ధికిని జరిగిన పోరును చెప్పు కాటమరాజు కథయు, 1757 జనవరి 24వ తేదీన ఫ్రెంచి సేనాని బుస్సీయు విజయనగర ప్రభువును కలిసి బొబ్బిలి కోటను ముట్టడించిన ఘోరమును గానము చేయు బొబ్బిలి కథయు ఇట్టివే. బొబ్బిలి వీరుడగు తాండ్ర పాపారాయని ప్రతీకారము వినునప్పుడు ఉప్పొంగిన శ్రోతలే, కోటలోని స్త్రీబాలుర మరణము వినునప్పుడు కంట తడి పెట్టిరి. ఓడినవారి వీరమును పాడుట మన గాథాకారుల విశిష్టగుణము. గెలుపును కీర్తించుటకు ఆస్థానకవి చాలును. ఓటమిలోని మహిమను నిలుపుటకు జనుల జ్ఞాపకము కావలెను. ఇరువదవ శతాబ్దమున షేక్ నాజర్ బుఱ్ఱకథగా పల్నాటి యుద్ధమును చెప్పినప్పుడు గ్రామములకు గ్రామములు తెల్లవాఱువఱకు కూర్చుండి వినుట, ఆ జ్ఞాపకము చెక్కుచెదరలేదనుటకు నిదర్శనము.

కావ్యపాఠకునకును, గాథాశ్రోతకును నడుమ నిలిచి ఇరువురిని ఒకచోట చేర్చినది మధిర సుబ్బన్నదీక్షితులు రచించిన కాశీమజిలీకథలు. పండ్రెండు భాగముల ఆ మహాగ్రంథమున మణిసిద్ధుడను యతి కాశికి పోవుచు ఒక గోపబాలుని తోడు తీసికొనును. ప్రతి మజిలీయందును బాలుడు ఊరిలోనికి పోయి ఏదో వింత చూచి వచ్చి, దాని కారణము చెప్పుమని గురువును నిలదీయును; గురువు తన మణిమహిమచే తెలిసికొని కథ చెప్పును. ఈ కల్పనలోని చమత్కారమును విమర్శకులు తగినంతగా గుర్తింపలేదని నా యభిప్రాయము. ప్రశ్న అడుగువాడు పసులకాపరి. సమాధానము చెప్పువాడు యతి. పామరుని కుతూహలమును పండితుని పరిజ్ఞానమును కలిసి నడచుటకు కాశీప్రయాణము కంటె అనువైన మార్గము వేఱేది? నడువలేని శరీరమును నడిపించుటకు కథ కావలెనను సత్యమును గూడ ఆ గ్రంథము మజిలీ మజిలీకి రుజువు చేయును. తాతలు మనుమలకు చదివి వినిపించిరి. గృహిణులు మధ్యాహ్నవేళ చదువుకొనిరి. 1951లో విడుదలయైన పాతాళభైరవి చలనచిత్రమునకు బీజము ఆ కథలలోనిదే. ఒకే గ్రంథము ఒకే ఇంటిలోని మూడు తరములను పోషించిన చివరి ఉదాహరణములలో ఇది యొకటి.

ఇక నవల. 1872లో నరహరి గోపాలకృష్ణమచెట్టి ప్రకటించిన శ్రీరంగరాజచరిత్రకు సోనాబాయి పరిణయమని నామాంతరము. రాజకుమారుడు లంబాడీల నడుమ పెరిగిన కన్యను ప్రేమించుట అందలి కథ. తెలుగులో నవలారచనకు జరిగిన తొలియత్నము ప్రేమసాహసకథయే యగుట గమనింపదగినది. కందుకూరి వీరేశలింగము పంతులు 1878లో వివేకవర్ధనిలో ప్రారంభించి 1880లో గ్రంథముగా ప్రకటించిన రాజశేఖరచరిత్రము సంఘసంస్కరణమును లక్ష్యముగా పెట్టుకొన్నదైనను, అందును దారిదోపిడులును, మోసములును, ఎడబాటులును, పునస్సమాగమములును కలవు. సంస్కర్త సైతము పాఠకుని పిలుచుటకు పాత కథకుని కంఠమునే అరువు తెచ్చుకొనెను.

1906లో హైదరాబాదున స్థాపితమైన విజ్ఞానచంద్రికామండలి, కొమఱ్ఱాజు లక్ష్మణరావు ప్రభృతుల పూనికతో చరిత్రగ్రంథములను, శాస్త్రగ్రంథములను ప్రచురించుచు, చారిత్రకనవలలకు పోటీలు పెట్టి ప్రోత్సహించెను. కేతవరపు వేంకటశాస్త్రి రాయచూరు యుద్ధము వంటి నవలలు ఆ యుగపు ఫలములు. పరపాలనమున తల వంచుకొనియున్న జాతికి తన పూర్వవీరులను జూపి తల యెత్తింపవలెనను తపన ఆ రచయితలది. ఆ తపన పవిత్రమైనదే. కాని ఇక్కడనే పంపకము మొదలయ్యెను. వీరము చరిత్రపాఠముగా మాఱినకొలది ప్రేమ దానికి అలంకారమాత్రమై పోయెను. అద్భుతము అశాస్త్రీయమని వెలివేయబడెను.

ఈ లోపమును మఱల పూరించిన వారిలో అడవి బాపిరాజు మొదట చెప్పదగినవాడు. చిత్రకారుడగుటచే ఆయన వర్ణించిన ధాన్యకటకపు వీథులు, ఆభరణములు, శిల్పములు కంటికి కట్టినట్లుండును. హిమబిందులో శాతవాహనకాలమును, అడవి శాంతిశ్రీలో ఇక్ష్వాకుల విజయపురిని, గోనగన్నారెడ్డిలో కాకతి రుద్రమదేవి యుగమును ఆయన రసవంతముగా పునఃసృష్టించెను. విషకన్యయు, శిల్పియు, వర్తకపుత్రియు ఒకే కథలో మెలగు హిమబిందునందు మూడు రసములును మఱల ఒకచోట చేరినవి. వీరులందఱు సుందరులై, సుందరులందఱు సుగుణులై యుండుట ఆయన రచనలలోని బలహీనత. ఆ స్వప్నలోకమునందైనను స్త్రీకి స్వతంత్రమైన ధైర్యమును, కళాకారునకు రాజుతో సమానమైన గౌరవమును కల్పించుట ఆయన సంస్కారమునకు సాక్ష్యము.

విశ్వనాథ సత్యనారాయణ ఏకవీర దీనికి భిన్నమైన మార్గమున నడచినది. భారతి పత్రికలో ధారావాహికగా వెలువడిన ఆ నవలకు మధుర నాయకరాజుల కాలము రంగము. ఇరువురు మిత్రులు, ఒకని ప్రియురాలు తెలియకయే రెండవవానికి భార్య యగును. కత్తి దూయుటకు శత్రువు కానరాని సంగ్రామమది. ధర్మమును ప్రేమను ఏకకాలమున కాపాడుకొనుటకు ఆ మిత్రులిరువురును, వారి భార్యలును పడిన యాతనలో వీరము బాహువులను విడిచి అంతఃకరణమున ప్రవేశించినది. ధర్మవీరమని ఆలంకారికులు చెప్పినది గద్యకథలో ఇంత తీక్ష్ణముగా భాసించుట అరుదు. నోరి నరసింహశాస్త్రి నారాయణభట్టు, రుద్రమదేవి మున్నగు నవలలలో చరిత్రనిష్ఠను ప్రధానముగా పాటించెను. తెన్నేటి సూరి చెంఘిజ్‌ఖాన్‌లో మంగోలు మైదానముల గుఱ్ఱపుడెక్కల ధ్వనిని తెలుగువారికి వినిపించి, మనవాడు కాని వీరునియందును మన పాఠకునకు సానుభూతి పుట్టింపవచ్చునని చూపెను.

బాలుర భాగమునకు వచ్చిన సాహసము సంగతి వేఱు. 1947 జూలైలో నాగిరెడ్డి చక్రపాణులు మద్రాసున చందమామను స్థాపించిరి. 1952 నుండి కొడవటిగంటి కుటుంబరావు సంపాదకత్వమున ఆ పత్రిక సరళమైన, పొల్లుమాట లేని తెలుగు గద్యమునకు ఆదర్శమై నిలిచెను. అందు దాసరి సుబ్రహ్మణ్యము పేరు లేకయే వ్రాసిన తోకచుక్క, మకరదేవత, ముగ్గురు మాంత్రికులు, రాకాసిలోయ, పాతాళదుర్గము, శిథిలాలయము, యక్షపర్వతము మొదలగు ధారావాహికలు, చిత్రా గీసిన బొమ్మలతో గూడి, కొన్ని తరముల బాలబాలికలను నెల నెలకు ఎదురుచూచునట్లు చేసినవి. ఈ కథలలో ప్రేమకు చోటు దాదాపు లేదు. దాని స్థానమును స్నేహము ఆక్రమించినది. శిఖిముఖియు విక్రమకేసరియు, ఖడ్గవర్మయు జీవదత్తుడును జంటలుగా నడతురు. ఒకడు ఆపదలో చిక్కినచో రెండవవాడు విడిచిపోడు. ఆ స్నేహమే బాలునకు తొలి వీరపాఠము. నండూరి రామమోహనరావు టామ్ సాయర్‌ను, హకల్‌బెరీ ఫిన్‌ను, కాంచనద్వీపమను పేర స్టీవెన్సన్ నవలను తెలుగు చేసి మఱియొక ద్వారమును తెఱచెను. ముళ్లపూడి వేంకటరమణ జూల్ వెర్న్ భూప్రదక్షిణకథను అందించెను. మాంత్రికుడు లేకున్నను, మంత్రదండము లేకున్నను, ఒక నదియు ఒక తెప్పయు ఉన్నచో సాహసము పుట్టునని తెలుగు బాలుడు వానివలన తెలిసికొనెను.

రైలుప్రయాణికుని కొరకును, అంగడిలో కొలువున్న యువకుని కొరకును వేఱొక వాఙ్మయము పెరిగెను. వేయి నవలల రచయితగా ప్రసిద్ధుడైన కొవ్వలి లక్ష్మీనరసింహరావును, జంపన చంద్రశేఖరరావును రచించిన చిన్న నవలలు రైల్వేస్టేషనులలో స్వల్పమూల్యమునకు లభించుచు, కూడబలుకుకొని చదువువారికి చదువు అలవడునట్లు చేసెను. కొమ్మూరి సాంబశివరావు డిటెక్టివ్ యుగంధర్‌ను, అతని సహాయకుడగు రాజును సృష్టించి, ఖడ్గమునకు బదులు తర్కమును ఆయుధముగా గల వీరుని పరిచయము చేసెను. శైలిలో తొందరయు, పాత్రలలో పునరుక్తియు ఈ గ్రంథములకు దోషములే. కాని పుస్తకము కొనునలవాటు లేని యింట పుస్తకము ప్రవేశించుటకు ఇవియే తొలిమెట్టు లైనవనుట మఱువరాదు.

1960 తరువాతి దశాబ్దములలో వారపత్రికలును, అద్దెపుస్తకముల దుకాణములును ప్రేమనవలను రాజ్యమేలించెను. కోడూరి కౌసల్యాదేవి చక్రభ్రమణము 1964లో డాక్టర్ చక్రవర్తి చలనచిత్రమయ్యెను. యద్దనపూడి సులోచనారాణి సెక్రటరీ జ్యోతి మాసపత్రికలో వెలువడి, అసంఖ్యాక పాఠకురాండ్రను సంపాదించి, 1976లో వెండితెర కెక్కెను. ధనికుడగు నాయకుడు, అతని కారు, విశాలమైన మేడ, మధ్యతరగతి కన్య: ఈ సామగ్రి తరువాతి అనుకర్తల చేతులలో పడి మూసలో పోసినట్లయ్యెనను ఆక్షేపణ సత్యదూరము కాదు. అయినను తొలినవలలను శ్రద్ధగా చదివినచో వేఱొక విషయము గోచరించును. సెక్రటరీ నాయిక జయంతి ఉద్యోగము చేసి తన అన్నము తాను సంపాదించుకొనును. ప్రేమ కొఱకైనను తన యాత్మాభిమానమును తాకట్టు పెట్టదు. పరపురుషుల నడుమ ఉద్యోగమునకు పోవుటయే సాహసముగా నుండిన కాలమున, కార్యాలయపు గుమ్మము దాటిన ఆడుపిల్లకు ఆ కథ ఇచ్చిన ధైర్యము, రాకాసిలోయ బాలునకిచ్చిన ధైర్యముకంటె తక్కువది కాదు. శృంగారమను పేరుతో స్త్రీలకు వేఱుచేసిన గ్రంథములలో గూడ వీరము మాఱువేషమున ప్రవేశించియే యున్నది.

అట్లే వీరము రాజమందిరములను విడిచి జనులయొద్దకు వచ్చిన చరిత్రయు కలదు. దేశోద్ధారక గ్రంథమాలను నడపి, పుస్తకములను తానే మోసికొని తిరిగి అమ్మిన వట్టికోట ఆళ్వారుస్వామి ప్రజల మనిషిని రచించెను. దాశరథి రంగాచార్య చిల్లర దేవుళ్లులో నిజాం పాలనమునందలి తెలంగాణ పల్లె బ్రదుకును చిత్రించెను. వెట్టిచాకిరికి ఎదురు తిరిగిన సామాన్యుడే ఈ గ్రంథములలో వీరుడు. ఇక ప్రేమవైపు చూచినచో, చలము మైదానము నవలలో రాజేశ్వరి ఇల్లు విడిచిపోవుట ఎవరికి సమ్మతమైనను కాకున్నను, ప్రేమయే ప్రాణాంతకమైన సాహసముగా మాఱుట అందు చూడవచ్చును.

ఈ వాఙ్మయమునకు వ్యతిరేకముగా చెప్పబడు ఆక్షేపణలలో బలమైనవి రెండు. స్త్రీని గెలుచుకొనదగిన బహుమానముగా చూపుట మొదటిది. రక్తపాతమును, వంశాహంకారమును వీరమని భ్రమింపజేయుట రెండవది. ఈ రెండును పెక్కు గ్రంథములకు వర్తించును; వానిని సమర్థింప బనిలేదు. కాని దోషము జాతిది కాదు, రచనది. మాంచాలను సృష్టించిన సంప్రదాయమున స్త్రీ బహుమానమాత్రము కాదు. చాపకూటిని కీర్తించిన గాథయందు వంశాహంకారమునకు చోటు లేదు. కనుక మంచిచెడ్డలను నిర్ణయించుటకు కొలమానము వేఱుగా నుండవలెను. ప్రేమ ప్రేమించినవారిపై బాధ్యతను మోపుచున్నదా? సాహసము సాహసికుని జ్ఞానమును పెంచుచున్నదా? వీరము తన మూల్యమును తానే చెల్లించుచున్నదా, లేక అన్యులచే చెల్లింపజేయుచున్నదా? ఈ మూడు ప్రశ్నలకు నిలిచిన గ్రంథము పామరునికైనను పండితునికైనను పఠనీయము. కళాపూర్ణోదయము, పల్నాటి వీరచరిత్ర, కాశీమజిలీకథలు, ఏకవీర, హిమబిందు ఈ పరీక్షకు నిలిచినవి, మూసకథలు నిలువలేదు.

పాఠకభేదము సహజమే. పదేండ్ల బాలునకు తగిన కథ అఱువదేండ్ల వృద్ధునకు తగినదే కావలెనను నియమము లేదు. అయితే భేదము గోడ కారాదు. వేటపాలెము సారస్వతనికేతనము, హైదరాబాదు శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషానిలయము వంటి గ్రంథాలయములు ఒకప్పుడు పండితుని, విద్యార్థిని, రైతును ఒకే బల్లయొద్ద కూర్చుండబెట్టినవి. నేటి ప్రకాశకులు కాశీమజిలీకథలను నేటి పాఠకుడు చదువగల అచ్చుతో, బొమ్మలతో, సంపూర్ణముగా ముద్రింపవలెను. ఉపాధ్యాయులు కళాపూర్ణోదయకథను వచనమున బాలురకు చెప్పవలెను. విశ్వవిద్యాలయములు కొవ్వలిని, కొమ్మూరిని, యద్దనపూడిని, దాసరి సుబ్రహ్మణ్యమును పరిశోధనార్హులుగా అంగీకరింపవలెను. రచయితలు పాఠకుని వయస్సును, లింగమును ముందుగా నిర్ణయించుకొని కథకు పూనుకొను వ్యాపారపద్ధతిని విడిచి, మూడు రసములును కలిసిన పెద్ద కథకు మఱల సాహసింపవలెను. అట్టి కథ వచ్చినచో తెలుగు పాఠకుడు దానిని తప్పక ఆదరించును. ఇంతవఱకు వచ్చిన ప్రతి పర్యాయమును ఆదరించియే యున్నాడు.